తడి పుస్తకం

జూన్ 2

ఈ డైరీ మా మెడికల్ షాపు వాళ్లు న్యూ ఇయర్‌కి ఇచ్చారు. ఇన్నాళ్లూ రాయడానికి నాకేముంది అనుకున్నాను. ఇవాళ ఉంది.

ఈ ఏడాది పుస్తకం నన్ను పట్టమంది అత్త.

అడగడం కూడా ఎలా? చింతపండు పిసుకుతూ. తన మోకాళ్లు నీళ్లలో నిలబడనివ్వట్లేదంట, చేతులు వణుకుతున్నాయంట, ఇక ఇంట్లో ఉన్నది నేనేనంట. పనిలో పనిగా పప్పులో ఉప్పు చాల్లేదని కూడా చెప్పింది. నేను కంచాలు కొంచెం గట్టిగానే కడిగాను.

జూన్ 3, సాయంత్రం

బస్సులో సీటు దొరికింది. రాస్తున్నాను.

పుస్తకం సంగతి మా పగడాలదిబ్బ దాటి ఎవరికీ చెప్పం. అవనిగడ్డలో షాపులో నా పక్కన బిల్లింగ్ చేసే హేమకి ఒకసారి నోరుజారి చెప్తే, రీల్ చేద్దాం దుర్గక్కా అంది. అప్పట్నుంచి నోరు మూసుకున్నాను.

అది బట్ట పుస్తకం. పేజీలన్నీ తెలుపే, ఒక్క అక్షరం ఉండదు. వేసవి వేట నిషేధం అయిపోయే రోజు తెల్లవారుజామున, కృష్ణ సముద్రంలో కలిసే చోట, నడుం లోతు నీళ్లలో దాన్ని ముంచి పట్టుకోవాలి. సముద్రం మనిషిని తీసుకుపోయిన ఇళ్ల ఆడవాళ్లు ఒక్కొక్కరే వస్తారు. తమ పేజీ మీద చెయ్యి పెట్టి పోయిన మనిషి పేరు చెప్తారు. ఎండకి పేజీ ఆరుతుంటే ఒక మాట తేలుతుంది. ఆ మనిషి మాటే. పొద్దుగూకేసరికి పోతుంది. మళ్లీ ఏడాదికే.

గొప్ప మాటలేమీ రావు. పెద్దింట్లమ్మ పిన్నికి పోయినేడు, గొడుగు అటక మీద ఉంది చూసుకోమని వచ్చింది. నిజంగానే ఉంది. పాపం, వానాకాలమంతా ఆ గొడుగు వేసుకుని ఏడ్చింది.

రూల్స్ రెండే. ఒకసారి ఏ పేరు చెబితే జన్మంతా ఆ పేరే చెప్పాలి. ఇక, పుస్తకం పట్టే మనిషికి తన వాళ్ల మాట రాదు. పట్టడం మానేదాకా రాదు.

నాంచారయ్య మావయ్య సముద్రంలో పోయిన ఏడాదే అత్త పుస్తకం పట్టింది. అప్పటికి మా ఆయన వెంకట్ చంటిపిల్లాడు. ఊరందరికీ మాటలు ఇప్పించింది గానీ తనకి ఒక్కటీ రాలేదు. తను ఇంతవరకు ఏ పేరూ చెప్పలేదు.

జూన్ 5

నేను పట్టను. నాకూ ఒక మాట కావాలి.

మొన్న కార్తీకంలో వాయుగుండం వచ్చిన రోజు వెంకట్ ఏమీ తినకుండా బయల్దేరాడు. పడవ మీద తింటానన్నాడు. కేరేజీ కట్టిచ్చాను. అన్నం, బొమ్మిడాయిల పులుసు. మూడో రోజు పడవ దొరికింది, బోర్లా పడి. మనిషి దొరకలేదు, కేరేజీ దొరకలేదు.

అందరూ వచ్చి ధైర్యం చెప్పారు. నాకు కావాల్సింది ధైర్యం కాదు. తిన్నాడా? అదొక్కటే. ఆకలికి అసలు ఆగలేడు. అన్నం ముందు కూర్చున్నప్పుడల్లా ఇదే గుర్తొచ్చి చెయ్యి ఆగిపోతుంది. పిచ్చిదాన్నంటారని బయట ఎవరికీ చెప్పలేదు. పడుకునే ముందు ఒకసారి అత్తతో అన్నాను. అత్త అటు తిరిగి పడుకుంది.

జూన్ 7

డ్యూటీ. ఇంట్లో ఇద్దరం మాట్లాడుకోవట్లేదు.

జూన్ 9

సెలవు పెట్టి పెడన వెళ్లాను. కొత్తగా పేరు చెప్పేవాళ్లకి కొత్త పేజీ కావాలి. ఆ బట్ట తయారుచేసేది అక్కడ సూరయ్య గారొక్కరే. కరక్కాయ నీళ్లలో, గేదెపాలలో తడిపి ఆరబెడతారు. వెంకట్ పేరు మీద నేనే తెచ్చేసుకుంటే ఇక అత్త ఏమీ అనలేదని నా ప్లాన్.

తీరా వెళ్తే ఆయన నవ్వారు. మీ అత్త వీరమ్మ గారు పోయిన నెలే ఫోన్ చేసి ఒక పేజీ చెప్పారమ్మా, రెడీగా ఉంది అన్నారు.

ఒక్కటే. నాకు కాదు, తనకి.

తిరుగు బస్సులో ఒళ్లో పేజీ పెట్టుకుని కూర్చున్నాను. పాల వాసన. మచిలీపట్నం వచ్చేదాకా కోపంగానే ఉంది. తర్వాత తగ్గిపోయింది. మావయ్య మాట వినాలని ఉందని చెప్పడానికి సిగ్గేసి, మోకాళ్ల మీద నెపం పెట్టింది అంతే. ఇన్నేళ్లు నీళ్లలో నిలబడ్డ మనిషి. నేను పట్టకపోతే ఇంకెవరు పడతారు? అందరికీ వాళ్ల వాళ్ల మాటలు కావాలి.

సూరయ్య గారిని ఇక రెండో పేజీ అడగను.

జూన్ 10

పడతానని చెప్పాను. సరే అంది. కూరలో ఉప్పు లేదంది. ఇంత మాట ఇచ్చినదానికి అదీ బహుమానం.

కాసేపయ్యాక తనే చెప్పింది. మావయ్య గొంతు మర్చిపోయిందంట. దగ్గు మాత్రం గుర్తుందంట.

జూన్ 13

ఏడ్చాను. ఎక్కువసేపు కాదు.

జూన్ 14, ఉదయం 10 గంటలు

చేతులింకా నాని ఉన్నాయి. రాత సరిగ్గా రావట్లేదు.

నీళ్లు వెనక్కి తీసే వేళకి దిగాను. తడిసిన పుస్తకం చంటిబిడ్డంత బరువుంది. ఆడవాళ్లు వరసగా వచ్చారు, పేర్లు చెప్పారు, వెళ్లారు. ఎవరూ ఏడవలేదు. అందరికన్నా చివర అత్త వచ్చింది, కర్ర పట్టుకుని. కొత్త పేజీ మీద చెయ్యి పెట్టింది. నాంచారయ్య అంటుందని తల వంచి ఉన్నాను.

వెంకట్ అంది.

పుస్తకం వదిలేయబోయాను. అత్త నా మణికట్టు పట్టుకుని, జాగ్రత్తగా పట్టుకో అంది. ఇక వెనక్కి తీసుకోవడానికి లేదు. మావయ్య మాట ఆమెకి ఇక ఎప్పటికీ రాదు.

ఒడ్డుకొచ్చాక కోపం పట్టలేక అడిగాను, ఎందుకిలా చేశావని. మీ మావయ్య ఉన్నప్పుడు మాత్రం ఏం మాట్లాడాడు గనక, అంది. నువ్వు అన్నం సరిగ్గా తినట్లేదు, అంది.

పడవ అంచున పేజీ ఆరేశాం. అత్తకి చదువు రాదు. నేనే చదివిపెట్టాను.

అమ్మా, కేరేజీ ఖాళీ చేశానని దుర్గకి చెప్పు. ఉప్పు చాల్లేదు.

చుట్టూ అంత ఉప్పునీళ్లు పెట్టుకుని ఉప్పు చాల్లేదంట. నవ్వొచ్చింది. నవ్వు మధ్యలోనే ఏడుపైపోయింది. అత్త ఇంకోసారి చదవమంది. పొద్దుగూకేదాకా చదువుతూనే ఉండమంది.

జూన్ 15

పడవలు వెళ్లాయి. పులుసు పెట్టాను. ఉప్పు ఎక్కువైంది. అత్త ఏమీ అనకుండా రెండోసారి పెట్టించుకుంది. నేనూ పెట్టుకున్నాను.