గరుకు పూత

ప్రియమైన ఇంటిదానికి,

ఫోన్‌లో నువ్వు చెప్పేది నాకు వినపడదు, నేనరిస్తే నీకు కోపం. అందుకే రాస్తున్నా. తప్పులుంటే కూతురి చేత దిద్దించుకో.

పడవని గట్టెక్కించాను. పాత రంగంతా గరుకు కాగితంతో రుద్దేస్తున్నా. ఫైబర్ పడవ కదా, ఆ పొడి చొక్కాలో దూరి ఒళ్ళంతా ఒకటే దురద. వీపు గోకే దిక్కు లేదు. తమ్ముణ్ణి అడిగితే పళ్ళికిలించాడు.

పడవలో జారి విరగ్గొట్టుకున్న నీ తుంటి అతుక్కుందని అల్లుడు తమ్ముడికి చెప్పాడట. మంచిది. ఇక పడవ ఎక్కనన్నావట. ఎక్కకు. బతిమాలడం నాకు రాదు.

రంగు నీలమే.

నీ మొగుడు

*

ప్రియమైన మొండిఘటానికి,

చేతికర్ర లేకుండా గేటు దాకా నడుస్తున్నాను. కానీ పడవ మాత్రం వద్దండీ. కళ్ళు మూస్తే ఆ తడి పడవే, నూనె పూసినట్టు. జారింది ఒక్కసారే, ఇంకా పడుతూనే ఉన్నాను. కొత్త రంగుతో ఇప్పుడు మరీ నున్నగా ఉంటుంది. వల లాగడానికి ఎవర్నైనా పెట్టుకోండి. నేనిక్కడే పిల్ల దగ్గర ఉండిపోతాను.

ఇంకోటి. తోటికోడలు ఫోన్ చేసింది. తడి రంగులో ఇసుక పడితే తీయకుండా వదిలేశారట, రేవంతా నవ్వుతోందట. కళ్ళు కనపడటం లేదా? దాచకండి.

మీ ఇంటిది

*

ప్రియమైన ఇంటిదానికి,

నా కళ్ళు బాగానే ఉన్నాయి. ఇసుక పడలేదు, నేనే చల్లాను. ఉప్పు పోయేదాకా మంచినీళ్ళతో కడిగి, ఎండబెట్టి, నీ పిండి జల్లెడతో జల్లించి, తడి రంగు మీద చల్లి, ఆరాక మళ్ళీ పూత వేశాను. నువ్వు నిలబడి వల లాగే చోట మాత్రమే. రేవులో పడవలకి రంగులు వేసేవాడొకడు చూసి అందం పాడైందన్నాడు. అక్కడ నిలబడేది నువ్వా అన్నాను.

బకెట్ నీళ్ళు పోసి గెంతి చూశాను. జారలేదు. తమ్ముడి చేత కూడా గెంతించాను. అయినా మా కాళ్ళ మాట ఏం లెక్క.

ఆ చోట ఇంకొకణ్ణి పెట్టను. ఖాళీగా ఉంటే ఉండనీ.

నీ మొగుడు

*

ప్రియమైన మీకు,

నా జల్లెడ ముట్టుకోవడానికి మీకెన్ని గుండెలు.

ఉత్తరం చదివి పిల్ల ఏడ్చింది. నేను ఏడవలేదు, జల్లెడ గురించి తిట్టుకుంటూ కూర్చున్నాను.

ఆదివారం బస్సుకి బయల్దేరుతున్నాను. పడవని నీళ్ళలోకి దింపకండి. ముందు గట్టు మీదే ఎక్కి చూస్తాను. కాళ్ళు వణికితే దిగిపోతాను, అప్పుడు ఏమీ అనకూడదు. ఎక్కేటప్పుడు చెయ్యి మాత్రం మీరే పట్టుకోవాలి, రేవులో అందరూ చూస్తున్నా సరే.

మీ ఇంటిది

*

ప్రియమైన ఇంటిదానికి,

పడవ గట్టు మీదే ఉంది. చూసేవాళ్ళని చూడనీ.

అంచులకి ఇంకో పూత వేయాలి. నువ్వొచ్చేసరికి నా చేతుల నిండా రంగే. పాత బట్టలు కట్టుకుని రా.

నీ మొగుడు