కాలిపోయిన రీలు చివర

అబ్బా, నా తండ్రీ,

నువ్వు పోయి నేటికి ఏడాది. ఈ సాయంత్రం తొర్రూరు బస్టాండు దగ్గర, తెలంగాణ దీక్షా శిబిరంలో, చేత్తో తిప్పే నీ సినిమా మిషన్ మీద ఆ పాత మూకీ బొమ్మ ఆడించాను. దొంగలు తలుపు పగలగొడుతుంటారు. లోపల తల్లీ పిల్లలు. తండ్రి ఎక్కడినుంచో గుర్రం మీద వస్తుంటాడు. తలుపు కనబడినప్పుడల్లా నీలాగే చెయ్యి నిదానం చేశాను. జనం ఊపిరి బిగబట్టారు.

రీలు చివర ఎప్పుడో కాలిపోయిందనీ, ఊరూరా ఆడించేటప్పుడు ఆపై కథ నువ్వే నోటితో చెప్పేవాడివనీ మరిచాను. తెర తెల్లబోయింది.

"వచ్చిండా బిడ్డా, రాలేదా?" ముందు వరసలో ఒక అవ్వ అడిగింది.

ఆ మాటకు నీ ఆఖరి రోజు గుర్తొచ్చింది. నువ్వు దవాఖానలో ఉన్నావని ఫోనొచ్చింది తెలంగాణ బంద్ రోజునే. బస్సుల్లేవు. భూపాలపల్లి నుంచి దొరికిన బండినల్లా ఎక్కి, రాస్తారోకో ఉన్నచోటల్లా దిగి నడిచాను. "మా చిన్నోడు వచ్చిండా?" అని నర్సును అడుగుతూనే ఉన్నావట. నేను చేరేసరికి ముఖం మీద గుడ్డ కప్పేశారు.

"వచ్చిండవ్వా," అన్నాను. "తలుపు ఇరగకముందే వచ్చిండు."

నువ్వు ఏ ఊళ్లోనూ ఆ తండ్రిని ఆలస్యంగా రానియ్యలేదు, అబ్బా.