నా చేత్తో తెరిచిన షాపులు

ఫిబ్రవరి 9, సోమవారం

ఇవాళ్టి ఎపిసోడ్‌లో నా మొగుడు పోయాడు. సీరియల్ మొగుడు. అతనికి వేరే చానల్లో హీరో వేషం దొరికింది, అందుకని వీళ్లు లారీ కింద పడేశారు. నా బొట్టు చెరిపే సీన్‌కి నాలుగు టేకులు.

ఫిబ్రవరి 10

చిలకలూరిపేట బస్టాండులో ఒకావిడ నా చెయ్యి పట్టుకుని ఏడ్చింది. ధైర్యంగా ఉండమంది. అరటిపళ్లు కూడా కొనిచ్చింది.

ఫిబ్రవరి 12, మధ్యాహ్నం

శ్యామ్ సుందర్ ఫోన్. నా ఈవెంట్లు చూసేది అతనే. వినుకొండ చీరల షాపు ఓపెనింగ్‌కి రమ్మంటున్నారట, కానీ రిబ్బన్, దీపం నా చేత చేయించరట. స్టేజి మీద కూర్చుని చెయ్యి ఊపితే చాలట. ఓనర్ రాధాకృష్ణమూర్తి గారి తల్లి సీరియల్ రోజూ చూస్తుందట. కొత్త షాపుకి విధవ చెయ్యి తగలకూడదందట.

అదంతా నటన అని శ్యామ్ చెప్పి చూశాడట. వినలేదట.

సాయంత్రం 5

నవ్వొస్తోంది, ఒళ్లు మండుతోంది. మా ఆయన శశిభూషణ్ నిజంగానే పోయి ఆరేళ్లు. గుండెపోటు. పదకొండో రోజున నా గాజులు తీయించిన చుట్టాలే, తర్వాత సీరియల్లో పెద్దకోడలిగా కనిపించేసరికి నా పక్కన నిలబడి ఫోటోలు దిగారు. పట్టుచీర, బొట్టు చూసి ఐదేళ్లుగా ఊరూరా నా చేత దీపాలు వెలిగించారు. ఎవరూ అడగలేదు, నేనూ చెప్పలేదు. చెప్పనందుకు ఇప్పుడు సిగ్గుగా ఉంది.

ఫిబ్రవరి 13

సీరియల్లో నాకు రెండో పెళ్లి చేసేదాకా ఈవెంట్లు ఆపుదామన్నాడు శ్యామ్. నిజం బయటపడితే ఇక ఒక్కరూ పిలవరన్నాడు. ఆపనన్నాను.

ఫిబ్రవరి 19, గురువారం

వెళ్లాను. ఎర్ర పట్టుచీర, పెద్ద బొట్టు, చేతుల నిండా గాజులు. దారి పొడవునా మిరపకాయల ఘాటు. కారులో శ్యామ్ తుమ్ములు తప్ప మాటల్లేవు. ఫ్లెక్సీ మీద రాగసుధ అన్న నా పేరు కంటే సీరియల్ పేరే పెద్దగా ఉంది. చివరి కుర్చీ చూపించారు. నేను మైక్ దగ్గరికి వెళ్లాను.

"సీరియల్లో పోయినాయన బానే ఉన్నాడండి, వేరే చానల్లో వస్తాడు. మా ఇంట్లో ఆయన పోయి మాత్రం ఆరేళ్లు. ఆ తర్వాతే ఈ చేత్తో నలభై షాపులు తెరిచాను. ఒక్కటి మూతపడిందేమో చూపించండి."

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. కత్తెర పళ్లెం పట్టుకున్న అమ్మాయి ఓనర్ వైపు చూసింది. ఆయన తల్లి వైపు చూశాడు. ఆవిడ మొహం తిప్పుకుంది. నేనే కత్తెర తీసుకుని రిబ్బన్ కట్ చేశాను.

జనం లోపలికి తోసుకున్నారు. మొదటి వంద చీరలు సగం ధరకే మరి.

ఫిబ్రవరి 21

మూడు ఈవెంట్లు క్యాన్సిల్. వీడియో అందరి ఫోన్లలో తిరుగుతోంది. చానల్ వాళ్లు షాపు ఓనర్‌కి సారీ చెప్పమన్నారు. చెప్పను.

మార్చి 1

మార్టూరు నుంచి ఫోన్. పేరు బాలసరస్వతి. భర్త గ్రానైట్ క్వారీలో పోయాడట. టైలరింగ్ షాపు పెట్టుకుంటోంది. రిబ్బన్ తోడికోడలు కట్ చేయాలని ఇంట్లో అంటున్నారట. నన్ను వచ్చి కట్ చేయమంది.

వస్తాను, పళ్లెం పట్టుకుంటాను, కట్ చేసేది మాత్రం నువ్వేనన్నాను.

అయితే తను ఏ రంగు చీర కట్టుకోవాలో అడిగింది.