ఎండగదిలో శనివారాలు

వెర్లిన్,

రేపు ఎనిమిదింటికల్లా ఎండగదిలో హీటర్ వెయ్యి. మెట్ల మీద మంచు ఎత్తెయ్యి. పెద్ద కెటిల్ నిండా కాఫీ పెట్టు. పదింటికి చర్చి ఆడవాళ్ళు తొమ్మిదిమంది బొంతలు కుట్టడానికి వస్తున్నారు. రేపొక్కరోజే కాదు, ఈస్టర్ దాకా ప్రతి శనివారం.

“మంచు కురిసినా నీ మొక్కలకి ఎండ తగలాలి, మార్లిస్” అంటూ ఆ అద్దాల గది కట్టించావు. తీరా కట్టాక నా నిమ్మచెట్టును నేలమాళిగలోకి నెట్టి, నీ టీవీ, పడక్కుర్చీ వేసుకున్నావు. చెట్టు చీకట్లో ఎండి చచ్చింది. ఇవాళ నువ్వు చేపలు పట్టడానికి వెళ్ళగానే నేనూ చెల్లీ నీ సామానంతా ఆ నేలమాళిగలోకే దింపాం. హాకీ అక్కడే చూసుకో.

నేను చెల్లి ఇంట్లో ఉంటా.

అన్నట్టు, గది ఇవ్వడం నీ ఆలోచనేనని చర్చిలో చెప్పాను. ఆదివారం పాస్టర్ అందరి ముందూ నిన్ను నిలబెట్టి మెచ్చుకుంటారట. నీలం చొక్కా ఇస్త్రీ చేసి పెట్టాను.