భోజనాల గదిలో ఖజానా పెట్టె, కిల్బ్రైడ్‌లో బాప్తిస్మం

పోర్ట్ కార్గిల్, ఆస్ట్రేలియా
1853 ఏప్రిల్ 1, శుక్రవారం

గవర్నరు దొరవారి కార్యదర్శి గారి సముఖమునకు

అయ్యా,

విషయం: ఈ వలస రాజ్యపు కోశాధికారి హ్యూ మెక్‌విర్టర్ గారికి రెండు రాత్రుల సెలవు కోరుతూ, ఆయన భార్య ఎల్స్పెత్ చేసుకొను మూడవ మనవి.

1. నా భర్త స్కాట్లండులో ఆన్‌స్ట్రదర్ రేవున పుట్టి, చేపల పీపాలు లెక్కపెట్టే గుమాస్తాగా పని నేర్చి, ఇరవై ఆరవ ఏట ఈ వలసకు వచ్చారు. పదకొండేళ్లుగా ఖజానా చూస్తున్నారు. ఒక్క పెన్నీ తేడా రాలేదు. ఒకసారి వచ్చింది గానీ, అది నా కుట్టుపెట్టెలో దొరికింది.

2. ఖజానాకు భవనం లేనందున ఇనప్పెట్టెను తాత్కాలికముగా మా భోజనాల గదిలో ఉంచారు. ఆ తాత్కాలికమునకూ పదకొండేళ్లే. దాని మీద లేసు గుడ్డ పరచి టీ సామాను సర్దుకున్నాను. జీతాల రోజున ముందు జావ గిన్నెలు తీసి, తరువాత పెట్టె తీయవలెను. మొన్న వంతెన మేస్త్రీ జీతంతో పాటు మా వెన్న కత్తి కూడా పట్టుకుపోయాడు. పాపం, మర్నాడు తెచ్చిచ్చాడు.

3. వాకిట ఇద్దరు సిపాయిలు కాపలా ఉన్నా సరే, పద్నాలుగవ నిబంధన ప్రకారం, పెట్టె ఉన్న కప్పు కిందనే కోశాధికారి నిద్రించవలెను. మా అమ్మాయి ఇషబెల్ పెళ్లి విందులో కూడా ఆయన పొద్దుగూకగానే లేచి వచ్చేశారు.

4. ఇషబెల్‌కు కొడుకు పుట్టాడు. ఎల్లుండి ఆదివారం కిల్బ్రైడ్‌లో బాప్తిస్మం. మా సంఘంలో బిడ్డను పాదిరి ముందు ఎత్తి పట్టుకొని ప్రమాణం చేయవలసింది తండ్రి. అల్లుడు తిమింగలాల వేటలో ఉన్నాడు గనుక తాత చేయవలెను. పాదిరి మళ్లీ వచ్చేది అక్టోబరులో. పసివాడు నీరసంగా ఉన్నాడు. అప్పటిదాకా ఆగమని కన్నతల్లికి చెప్పే ధైర్యం నాకు లేదు. కిల్బ్రైడ్ రోజంతా బండి ప్రయాణం, ఆదివారం విశ్రాంతి దినం గనుక మేము బండెక్కము. అందుకే రెండు రాత్రులు.

5. నా భర్త అడగగా తమరు నవ్వి, "కాపలాకి మీ ఆవిడ ఉందిగా, మెక్‌విర్టర్! ఆవిణ్ణి దాటి దొంగెవడు వస్తాడయ్యా?" అన్నారట. సంతోషించాను. నాలుగు రోజులకు తమ కచేరీ నుండే కాగితం వచ్చింది: భార్య ప్రభుత్వోద్యోగి కానందున కాపలాకు అర్హురాలు కాదు.

6. నిన్న మా ఇంట జరిగిన సంభాషణ:

"నువ్వెళ్లు ఎల్స్పెత్. నేను పెట్టె దగ్గరుంటాను."

"బిడ్డనెవరు ఎత్తుకుంటారు, పెట్టా?"

"నిబంధన ఉంది కదే, నన్నేం చెయ్యమంటావ్?"

"ఏదీ, దాన్ని ఒకసారి పైకి చదవండి."

చదివారు. మళ్లీ చదివారు. జావ చల్లారిపోయింది. పెట్టె ఉన్న కప్పు అని ఉంది గానీ, అది ఏ ఊళ్లో ఉండాలో లేదు.

"అమ్మో! నువ్వు గుమాస్తావి కాకపోవడం ఈ వలస అదృష్టమే," అన్నారు.

కావున సెలవైనా, పెట్టె మోయగల ఎద్దుల బండి అయినా దయచేసి మంజూరు చేయించి, ఒక తాత మొర చిత్తగించవలెను.

తమ విధేయురాలు,
ఎల్స్పెత్ మెక్‌విర్టర్

తా.క. శనివారం, తెల్లవారుజాము. నిన్న తమ కచేరీ పెందలాడే మూసినందున ఇది ఇవ్వలేకపోయాను. దారిలో తమ కావలివానికిచ్చి పోతున్నాం. బండి మేమే మాట్లాడుకున్నాం, పెట్టె ఎక్కించాం. పెట్టె ఎక్కడుంటే అక్కడుండాలన్నది సిపాయిల నిబంధనట, ఇద్దరూ వెంట వస్తున్నారు. ఒకడికి ఫిడేలు కూడా వచ్చు. సోమవారం ఉదయం దొరవారి జీతం, తమరి జీతం ఇవ్వవలసి ఉన్నది. మేము తిరిగొచ్చే సాయంత్రం దాకా ఆగలేకపోతే కిల్బ్రైడ్ రండి. ఆదివారమే వస్తే పెట్టె తెరవరు గానీ, కేకు పెడతాం.