బాట మీద పసుపు పొయ్యి

కంఠేశ్వర్, నిజామాబాద్

చిరంజీవి రాజశేఖర్‌కు అవ్వ దీవెనలు. ఫోన్లో అయితే మధ్యలోనే పెట్టేస్తావు, కార్డునైతే చివరిదాకా చదువుతావని రాస్తున్నాను. మీ అక్క ఇంట్లో బాగానే ఉన్నాను.

మన చేను బాటకు అడ్డంగా పక్క చేను రామ్‌దాస్ గోడ కట్టకుండా ఆపమని మనం అడిగిన తాత్కాలిక స్టే ఇవాళ కూడా తేలలేదు. వాళ్ల వకీలు మన పిటిషన్‌కు జవాబుగా కౌంటర్ వేయడానికి మళ్లీ గడువు అడిగాడు, మళ్లీ వాయిదా పడింది. నాకు ఒళ్లు మండి లేచి నిలబడ్డాను. "సారూ, గోడ లేసినంక స్టే ఇస్తే నా ట్రాక్టర్ గోడ మీదికెల్లి దుంకుతదా?" అని అడిగాను. జడ్జిగారు తలెత్తి చూశారు గానీ వాయిదా మాత్రం మారలేదు. బయట వరండాలో రామ్‌దాస్ నవ్వుతూ, "గోడ లేసినంక ఇగ కేసేడిది వదినె?" అన్నాడు.

రాజీపడదామని నువ్వు మళ్లీ అనకు. ఈసారి పసుపు ఉడకబెట్టే పొయ్యి బావి దగ్గర వద్దు, అతను గోడకు ముగ్గు పోసిన చోటే తవ్వు. ఒకసారి వెలిగిన పసుపు పొయ్యిని ఊరందరి పంటా ఉడికేదాకా ఆర్పకూడదన్నది మన ఊరి కట్టుబాటు. అందరినీ పిలువు.

నల్ల బర్రె ఈనిందా? జున్నుపాలు అక్కకు పంపు.

రామ్‌దాస్ తన పసుపు తెస్తే వద్దనకు, కానీ అతని వంతు అందరికన్నా చివరన పెట్టు. తన పంట ఉడకాల్సిన పొయ్యి మీద గోడ ఎలా లేపుతాడో నేనూ చూస్తాను.

నువ్వు చల్లగా ఉండు బిడ్డా. పొయ్యిని మాత్రం చల్లారనివ్వకు.

మీ అవ్వ,
అంజవ్వ