నిద్రపోతున్న విలివిలిని చచ్చినదిగా నమోదు చేయుట గురించి

కవైహాయె పై వాలు,
హవాయి దీవి.
సెప్టెంబరు నెల.

రోడ్డు పక్క చెట్ల భద్రతాధికారి గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: మా కంచె పక్కనున్న విలివిలి చెట్టు మరణించలేదనియు, నిద్రించుచున్నదనియు మనవి, నరికివేత ఉత్తర్వు రద్దు కోరుట గురించి.

పై వాలు కాపురస్తురాలు, రిటైరయిన జీవశాస్త్రం టీచరు లహేలా కహానుయి వ్రాసుకొను విన్నపము ఏమనగా:

1. సదరు చెట్టు "పూర్తిగా ఎండి మృతి చెందినది, గాలికి కూలి ప్రయాణికులకు హాని కలిగించగలదు" అని తమ కార్యాలయం వారు ఆగస్టులో నిర్ధారించి, మాను మీద ఎర్రరంగు గీత వేసి పోయినారు. ఆగస్టులో విలివిలికి ఆకులుండవు. ఎండలు ముదిరితే ఆకు దులిపేసుకుని పడుకోవడం దాని పద్ధతి. లేచాక ముందు పూస్తుంది, వానలు పడ్డాక చిగురిస్తుంది. ఈ సంగతి మా వాలు మీద తిరిగే మేకలకు కూడా తెలియును.

2. తనిఖీకి వచ్చిన తమ ఉద్యోగి హిలో వైపు మనిషి. అక్కడ రోజూ వాన. ఆకు రాల్చిన చెట్టంటే ఆ వైపు చచ్చిన చెట్టే. తప్పు ఆయనది కాదు, ఆయన్ను ఇటు తోలినవారిది. మా సంభాషణ యథాతథముగా సమర్పించుకొనుచున్నాను.

"ఒక్క ఆకైనా లేదు కదా టూటూ!"

"నేను నీ నాయనమ్మను కాను గానీ, మధ్యాహ్నం నువ్వు కునుకు తీస్తే మీ ఇంట్లోవాళ్ళు గొయ్యి తవ్వుతారా?"

"నవ్వించకండి టూటూ. బతికుందని రుజువేది?"

"బెరడు మీద గోటితో గీకి చూడు. లోపల పచ్చగా ఉంటుంది."

"గీకమని మాకు చెప్పలేదండీ. ఆకు కనబడాలి, అంతే."

"అయితే వానలు పడ్డాక రా."

"వానల్లో మేం తనిఖీలకు రాం టూటూ. తడుస్తాం కదా."

3. బయటి దేశాల కందిరీగ పురుగు పడి ఈ వాలు మీది విలివిలులు ఆకుల నిండా బొబ్బలెక్కి చచ్చిన ఏడు తమ శాఖవారు ఎవరూ రాలేదు. అప్పుడు నిజంగానే చచ్చినవి చాలా ఉండెను. వాటన్నిటిలోకీ బతికి బట్టకట్టిన దాని కోసం ఇప్పుడు వచ్చినారు.

4. ఈ పేరా రాయకుండానే పంపుదామనుకున్నాను. మా అబ్బాయి నాహోవా పుట్టినప్పుడు వాడితోపాటు కడుపులోంచి పడ్డ మాయను మా అత్తగారు ఈ చెట్టు మొదట్లో పాతిపెట్టినారు. ఎంత దూరం తిరిగినా బిడ్డ అక్కడికే చేరతాడని. తమదీ తమ అమ్మగారు ఎక్కడో ఒకచోట పాతే ఉంటారు, అడగండి. నాహోవా చేపలవేటకు పోయి, మావీ దీవికీ మనకూ మధ్యనున్న ఆ పాడు సముద్రంలో తప్పిపోయినాడు. పడవ దొరికింది. వాడు దొరకలేదు. వాడి ఒంట్లో నేలకు దక్కింది ఆ చెట్టు కింది కాస్తే. పూలు పెట్టడానికి నాకు వేరే చోటు లేదు.

5. నా కొడుకు పోయినాడని ధ్రువపత్రం కోరగా, తమ భవనంలోనే కింది అంతస్తు వారు "శవం చూపనిదే నమ్మజాలము" అని ఏళ్ళ తరబడి తిప్పినారు. చెట్టు కళ్ళెదుట నిలబడి ఉండగానే పై అంతస్తులోని తమరు ఒక్క చూపులో చంపివేసినారు. ఆ రెండు అంతస్తులకూ మధ్య మెట్లున్నవి. నేను ఎక్కి చూసినాను. ఎవరైనా ఒకరు దిగినా, ఒకరు ఎక్కినా బాగుండును.

6. కావున పై విషయములన్నియు పరిశీలించి, వానలు పడువరకైనా నరికివేత నిలుపుదల చేయవలసినదిగా ప్రార్థన. ఆకు రాకపోతే గొడ్డలి నేనే తెచ్చి ఇస్తాను.

చిత్తగించవలెను. చిత్తగించు తీరిక లేనిచో కనీసం చివరిదాకా చదవవలెను.

ఇంకా కాస్త మిగిలియున్న విధేయతతో,
లహేలా కహానుయి

తా.క.: పైన 1 నుండి 6 వరకు కొట్టివేయగలరు. కవరు అంటించకముందే తమ రంపం బండి వచ్చింది. మేస్త్రీ ఎనోకా నా దగ్గర చదువుకున్నవాడే.

"గీకి చూడరా," అన్నాను.

గీకినాడు. చాలాసేపు చూసినాడు.

"పచ్చగానే ఉంది, టీచర్."

"మరి?"

"కాగితంలో చచ్చిపోయింది కదా. నేను కొయ్యకపోతే రేపు ఇంకొకణ్ణి పంపుతారు. వాడికి మీరెవరో తెలీదు. అడ్డదిడ్డంగా కోస్తాడు. మీరు లోపలికెళ్ళండి, టీచర్."

"వెళ్ళను. నీ పని నువ్వు చెయ్యి."

చేసినాడు. కొమ్మ కొమ్మా తాడు కట్టి దింపినాడు, ఒక్కటీ విసిరెయ్యలేదు. కొమ్మల చివర మొగ్గలున్నాయి. బండి మీద ఉండగానే కొన్ని విచ్చుకున్నాయి, నారింజ రంగువి. బండి తమ కార్యాలయం ముందు నుంచే పోతుంది, కిటికీలోంచి చూడవచ్చు.

వచ్చే వారం మొద్దు పెకలించే యంత్రం వస్తుందట. దాన్ని ఆపమని అడగను. వచ్చే రోజు మాత్రం ముందుగా కబురు చేయండి, నేను దగ్గరుండాలి. నెమ్మదిగా తవ్వమని చెప్పండి. కింద మావాడున్నాడు.